ఇంటి సామాను

మా మిత్రుడొకడు కెమెరా పట్టకుండా సినిమాలు తీస్తాడు. ఎవరో ఎప్పుడో తీసి వదిలేసిన రీళ్లను వెతికి తెస్తాడు. దుమ్ము తుడిచి, అతుకులు సరిచేసి, కంప్యూటర్లోకి ఎక్కించి, ఒకదాని పక్కన ఒకటి పేర్చి కొత్త సినిమా చేస్తాడు. పెళ్లి రీళ్లు, స్కూలు వార్షికోత్సవాలు, సర్కారు ప్రచార చిత్రాల తునకలు, హాలు మూతపడ్డాక ప్రొజెక్టరు గదిలో మిగిలిపోయిన ప్రకటనలు, ఏదైనా అతనికి పనికొస్తుంది.

ఈ విద్యకు దాదాపు వందేళ్ల చరిత్ర ఉంది. 1927లో రష్యాలో ఎస్ఫిర్ షూబ్ అనే ఎడిటర్, జార్ చక్రవర్తి కుటుంబం ముచ్చటపడి తీయించుకున్న రీళ్లనూ పాత న్యూస్‌రీళ్లనూ కలిపి రొమనోవ్ వంశ పతనాన్ని తెరకెక్కించింది. రాజు వేడుకగా దాచుకున్న బొమ్మలే ఆయన పాలన మీద సాక్ష్యం చెప్పాయి. కెనడాలోని డాసన్ సిటీలో మట్టి కింద పూడ్చిన 533 రీళ్లు 1978లో బయటపడితే, వాటిని ఆధారం చేసుకుని అమెరికన్ దర్శకుడు బిల్ మారిసన్ 2016లో ఆ ఊరి కథనే చెప్పాడు. ఈ ఇద్దరి పేర్లూ మిత్రుడి నోట తరచుగా వినబడతాయి.

అతని బాధ మాత్రం హైదరాబాదు గురించి. 1922లో ధీరేంద్రనాథ్ గంగూలీ అనే బెంగాలీ కళాకారుడు ఇక్కడ లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టాడు. నిజాం అండ దొరికింది. రెండేళ్లలో వరసగా మూకీలు తీశాడు. 1924లో 'రజియా బేగం' ఆడించాడు. ముస్లిం రాణి హిందువును ప్రేమించిన కథ అది. నిజాంకు కోపం వచ్చి రాజ్యం విడిచి పొమ్మన్నాడు. గంగూలీ కలకత్తా చేరాడు, పెద్ద పేరు తెచ్చుకున్నాడు, చివరికి దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం కూడా అందుకున్నాడు. ఆయన ఇక్కడ తీసిన సినిమాల్లో మాత్రం ఒక్కటి కూడా మనకు చూడ్డానికి లేదు. 1921లో వచ్చిన తొలి తెలుగు మూకీ 'భీష్మ ప్రతిజ్ఞ' లేదు. 1932 నాటి తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద' లేదు. దేశమంతా కలిపి సుమారు 1,300 మూకీలు తీస్తే, మిగిలినవి ముప్పై లోపే. అందులోనూ చాలావరకు ముక్కలే.

అవన్నీ ఏమయ్యాయంటే, కాలిపోయినవి కొన్ని. ఆ రోజుల్లో వాడిన నైట్రేట్ ఫిల్మ్ అంటుకుంటే ఆర్పడం ఎవరి తరమూ కాదు. వెండి కోసం పోయినవి కొన్ని. నలుపు తెలుపు ఫిల్మ్ మీద బొమ్మ ఏర్పడేది వెండి రేణువులతోనే. మన దేశపు తొలి టాకీ 'ఆలం ఆరా' రీళ్లు అలా వెండికే పోయాయని పుణె ఫిల్మ్ ఆర్కైవ్‌ను నిలబెట్టిన పి.కె. నాయర్ చెప్పేవారు. బొమ్మ కడిగేసిన ఫిల్మ్ గాజులు చేసేవాళ్లకు కూడా చేరింది.

"సినిమాలే మిగలని ఊళ్లో ఇంటి రీళ్లే దిక్కు" అనేవాడు మిత్రుడు. కలిగినవాళ్లు కొందరు 1950ల్లో, 60ల్లో చిన్న 8 ఎం.ఎం. కెమెరాలు కొనుక్కుని పిల్లల పుట్టినరోజులూ తిరునాళ్లూ తీసుకున్నారు. ఆ పిల్లలు పెద్దయ్యారు, ఇళ్లు అమ్ముడుపోయాయి, ప్రొజెక్టర్లు తుప్పుపట్టాయి. రీళ్లు పాతసామాన్లవాళ్ల దగ్గరికి చేరాయి. వాటి కోసమే అతను ఆదివారాలు ఆబిడ్స్‌కు వచ్చేవాడు. నేను పాత పుస్తకాల కోసం వెళ్లేవాణ్ణి. అలా కలిసి తిరిగేవాళ్లం.

ఆదివారం ఆబిడ్స్ వేరు. షట్టర్లు దించిన దుకాణాల ముందు, జనరల్ పోస్టాఫీసు నుంచి అటూ ఇటూ ఫుట్‌పాత్ పొడవునా పుస్తకాలు పరుచుకుంటాయి. ఆరో నిజాం కొలువులో ఉండి, ఇక్కడ దుకాణం పెట్టిన ఆల్బర్ట్ ఆబిద్ పేరు ఈ పేటకు నిలిచిపోయింది. ప్యాలెస్, జమ్రూద్ మహల్, సాగర్... ఒకప్పుడు ఇక్కడ సినిమా హాళ్లకు కొదవ లేదు. ఇప్పుడు ఆ పేర్లు పెద్దవాళ్ల మాటల్లోనే వినాలి.

పుస్తకాల వరస అయిపోయే చోట ఒక పెద్దాయన గోనెపట్టా పరుచుకుని కూర్చునేవాడు. ఆగిపోయిన చేతిగడియారాలు, ఇంకు పెన్నులు, చెవి లేని తాళంకప్పలు, పాత నాణేలు, అద్దం పగిలిన కెమెరా ఒకటి. అరవై ఏళ్ల మనిషి. తెల్లచొక్కా, మెడలో తువ్వాల. రమ్మని ఎవరినీ పిలిచేవాడు కాదు. అడిగినదానికి జవాబు చెప్పేవాడు.

2016 వానాకాలం చివర్లో ఒక ఆదివారం ఆయన పట్టా మీద పసుపురంగు కోడాక్ పెట్టె కనబడింది. మిత్రుడు అక్కడే గొంతుకు కూర్చున్నాడు. పెట్టె తెరిచి, వేళ్లతో అంచులు మాత్రమే పట్టుకుని రెండు జానల ఫిల్మ్ విప్పి ఆకాశానికి ఎదురుగా పెట్టాడు. 8 ఎం.ఎం. ఫిల్మ్ మీద ఒక్కో బొమ్మ బియ్యపుగింజ కన్నా పెద్దది కాదు. అయినా ఎరుపు తెలుస్తోంది. ఎర్ర స్వెట్టరు వేసుకున్న పిల్లాడు.

"ఎంత?"

"మీకెంత అనిపిస్తె అంత ఇయ్యిండ్రి సార్."

"ఎక్కడిది పెద్దాయనా ఇది?"

"చోరీ మాల్ గాదు సార్. ఇంటి సామానే."

పాతసామాన్లు అమ్మే చోట ఈ మాట వినని వాళ్లుండరు. పోలీసు గొడవ ఏమీ లేదని కొనేవాళ్లకు ధైర్యం చెప్పడానికి అందరూ అనే మాటే. మిత్రుడు తలూపి ఐదువందల నోటు తీశాడు.

"ఇంకా ఉన్నాయా?"

"ఉన్నయి. వచ్చే ఐతారం తెస్త."

వచ్చే ఐతారం ఒక్కటే తెచ్చాడు. ఆ తర్వాతి వారం ఇంకొకటి. అన్నీ ఒకేసారి ఇమ్మని మిత్రుడు ఎంత బతిమాలినా వినలేదు. "తెస్త సార్, యాడికి వోతయి" అనేవాడు. ధర పెంచడానికే ఆపుతున్నాడని మిత్రుడు అనుకున్నాడు. కానీ పెద్దాయన ఎన్నడూ ధర చెప్పలేదు. ఇచ్చినంత తీసుకునేవాడు. తీసుకుంటూ, పోయిన వారం రీలు గురించి ఏదో ఒకటి అడిగేవాడు.

"ఏముండె సార్ దాంట్ల?"

"ఎవరో పిల్లాడు. ఎగ్జిబిషన్లో."

"మంచిగ కనవడుతున్నదా?"

"బ్రహ్మాండంగా."

"రంగులున్నయా?"

"రంగులు చెక్కుచెదరలేదు."

ఒకసారి "ఆడోళ్లు గూడ ఉన్నరా సార్ దాంట్ల?" అనడిగాడు. "ఒకావిడ ఉంది. రెండు సెకన్లు. కెమెరా తిప్పగానే చెయ్యి అడ్డం పెట్టుకుంటుంది" అన్నాడు మిత్రుడు, డబ్బులు లెక్కపెడుతూ. పక్కకు వచ్చాక నాతో, "మనుషులు ఎక్కువ ఉంటే రేటు ఎక్కువ చెబుదామని చూస్తున్నాడు" అన్నాడు.

ఆ చలికాలం గడిచేసరికి పదకొండు రీళ్లు చేతికి వచ్చాయి. ఒక్కో రీలు యాభై అడుగులు, తెర మీద నాలుగు నిమిషాలు. ఒక్కో బొమ్మను విడివిడిగా ఫొటో తీసే స్కానరు మీద నలభై నాలుగు వేల బొమ్మలు ఎక్కించాడు. అవి కోడాక్రోమ్ రీళ్లు. చీకట్లో ఉంచితే ఆ ఫిల్మ్ రంగు ఓ పట్టాన పోదు. అదే కాలపు ఈస్ట్‌మన్ కలర్ సినిమా ప్రింట్లు వెలిసి గులాబీరంగుకు తిరిగిపోతే, ఈ ఇంటి రీళ్లలో స్వెట్టరు ఎరుపు నిన్న రంగువేసినట్టే ఉంది.

వాటిలో ఉన్న హైదరాబాదును నేనూ చూశాను. నాంపల్లి స్టేషను ముందు వరసగా ఆగిన రిక్షాలు. పబ్లిక్ గార్డెన్స్‌లో గడ్డి మీద పరిచిన దుప్పటి, దాని మీద టిఫిన్ క్యారేజీ. ఆబిడ్స్ చౌరస్తాలో మలుపు తిరిగే డబుల్ డెక్కర్ బస్సు. ఇక నుమాయిష్. 1938లో పబ్లిక్ గార్డెన్స్‌లో మొదలై 1946లో నాంపల్లి మైదానానికి మారిన ఆ ఎగ్జిబిషన్ రాత్రిపూట దీపాలతో, జనంతో, తిరిగే రంగులరాట్నంతో కళకళలాడుతోంది. అన్నిటా ఆ పిల్లాడే. ఏడేళ్లుంటాయి. ఎక్కడ కెమెరా తన వైపు తిరిగినా వాడు టక్కున ఎడమకన్ను మూసేవాడు. నవ్వడు, చెయ్యి ఊపడు. ఒక కన్ను మూసి, ఇంకో కంటితో మనల్నే చూస్తూ నిలబడతాడు.

ఆ చూపే మిత్రుణ్ణి పట్టేసింది. సినిమా మొత్తం దాని చుట్టూ కట్టాడు.

రీళ్లు ఏ కాలానివో తెలుసుకోవడానికి అతను పడిన శ్రమ చిన్నది కాదు. కోడాక్ వాళ్లు ఫిల్మ్ అంచున చుక్క, చదరం, త్రికోణం లాంటి గుర్తులు వేసేవారు. వాటిని బట్టి ఫిల్మ్ తయారైన సంవత్సరం కట్టవచ్చు. ఆ గుర్తులు ఇరవై ఏళ్లకోసారి మళ్లీ వస్తాయి కాబట్టి 1943, 1963, 1983 మూడింటిలో ఏదో తేల్చుకోవాలి. రోడ్డు మీద కార్లు చూసి, దుకాణాల బోర్డులు చదివి 1963 అని తేల్చాడు. ఇంటి కోసం ఇంకా ఎక్కువ తిరిగాడు. మూడు రీళ్లలో ఒకే ఇల్లు కనబడుతుంది. కమాను గుమ్మం, రెండు మెట్లు, వాకిట్లో బాదంచెట్టు. ఆ బొమ్మలు ప్రింటు తీయించి చిరాగ్ అలీ లేన్, చాపెల్ రోడ్, రెడ్‌హిల్స్, మల్లేపల్లి గల్లీలన్నీ గాలించాడు. ఇస్త్రీవాళ్లను అడిగాడు, మసీదు మెట్ల మీద ముసలివాళ్లను అడిగాడు, ఇరానీ హోటల్ గల్లాపెట్టెల దగ్గర అడిగాడు. ఎవరూ గుర్తుపట్టలేదు. కమాను గుమ్మాల చోట ఐదంతస్తుల అపార్టుమెంట్లు లేచాయి.

రీళ్లు అయిపోయాయి కాబట్టి అతను ఆదివారాలు రావడం మానేశాడు. నేను పుస్తకాల కోసం వెళ్తూనే ఉన్నాను. కనబడినప్పుడల్లా పెద్దాయన ఒకటే అడిగేవాడు.

"మీ దోస్తు సారు సినిమా అయిందా?"

"అవుతోంది."

"ఏసేటప్పుడు యాడ ఏస్తరట?"

"నాంపల్లిలోనే ఎక్కడో వేస్తాడట."

తలూపి గడియారాలు తుడుచుకునేవాడు.

ఇక్కడ 8 ఎం.ఎం. రీలు సంగతి ఒకటి చెప్పాలి. కెమెరాలో పెట్టేటప్పుడు అది ఇరవై ఐదు అడుగుల పొడవు, 16 ఎం.ఎం. వెడల్పు ఉంటుంది. మొదట సగం వెడల్పు మీదనే బొమ్మ పడుతుంది. రీలు చివరికి రాగానే కెమెరా తెరిచి, రీలు తీసి తిరగేసి పెట్టాలి. అప్పుడు రెండో సగం మీద పడుతుంది. కడిగాక ల్యాబులో మధ్యకు చీల్చి రెండు ముక్కలూ అతికిస్తే యాభై అడుగులవుతుంది. తిరగేసేటప్పుడు నీడన ఉండాలి. కాస్త ఎండ తగిలినా ఆ చోట ఫిల్మ్ తెల్లబడుతుంది. ఈ పదకొండు రీళ్లలోనూ సరిగ్గా సగం దగ్గర తెర మీద తెల్లటి వెలుగు ఒక్కసారి కమ్ముకుని విడిపోతుంది. అది ఎందుకు వస్తుందో మిత్రుడికి బాగా తెలుసు. అయినా సినిమాలో దానికి పెద్ద అర్థం ఇచ్చాడు. ఆ వెలుగు వచ్చిన ప్రతిసారీ వెనక నుంచి అతని గొంతు వినబడుతుంది: నగరం తన్ను తాను మరిచిపోయే క్షణం ఇదే అని. పిల్లాడు కన్ను మూసినప్పుడల్లా ఇంకో మాట: రాబోయే కాలాన్ని సగమే చూడగలనని ఈ బాలుడికి ముందే తెలుసు అని.

2018 జనవరిలో, నుమాయిష్ నడిచే రోజుల్లోనే, పబ్లిక్ గార్డెన్స్‌కు కూతవేటు దూరంలో ఒక చిన్న హాలు మాట్లాడుకుని సినిమా వేశాడు. పిల్లాడి ముఖంతో పోస్టర్లు వేయించి స్టేషను రోడ్డు గోడల మీద అంటించాడు. కింద 'ఈ బాలుడెవరు?' అని పెద్ద అక్షరాలు. హాలు నిండింది. సినిమా కుర్రవాళ్లు, చరిత్ర విద్యార్థులు, పాత హైదరాబాదు అంటే ప్రాణం పెట్టే పెద్దలు. వెనక గోడ దగ్గర నిలబడ్డవాళ్లు కూడా ఉన్నారు.

సినిమాకు ముందు మిత్రుడు మాట్లాడాడు. బాగా మాట్లాడాడు. 1984 అల్లర్ల తర్వాత ఈ ఊరి గురించి దీపా ధన్‌రాజ్ తీసిన 'క్యా హువా ఇస్ షహర్ కో' కథ చెప్పాడు. 1986లో పూర్తయిన ఆ సినిమాను 2013లో డిజిటల్‌గా బాగుచేసి కొత్త ఊపిరి పోసింది బెర్లిన్‌లోని ఆర్సెనల్ సంస్థ. "మన ఊరి బొమ్మను కాపాడటానికి బెర్లిన్ కావలసి వచ్చింది" అన్నప్పుడు హాలంతా నిశ్శబ్దం. తర్వాత బెంగళూరు కళాకారిణి ఆయిషా అబ్రహం ప్రస్తావన తెచ్చాడు. టామ్ డాగ్యార్ అనే పెద్దాయన ఎప్పుడో సరదాగా తీసుకున్న 8 ఎం.ఎం. రీళ్లతో ఆమె 2005లో 'స్ట్రెయిట్ 8' చేసింది.

"ఆమె అదృష్టవంతురాలు" అన్నాడు మిత్రుడు. "రీళ్లు తీసిన మనిషి ఎదురుగా ఉన్నాడు. కూర్చోబెట్టుకుని మాట్లాడించింది. నాకు ఆ అదృష్టం లేదు. ఈ రీళ్లకు ఊరూ పేరూ లేదు. తీసినవాడెవరో తెలియదు, అందులో ఉన్నదెవరో తెలియదు. ఆబిడ్స్ ఫుట్‌పాత్ మీద దొరికాయి."

దీపాలు ఆరాయి. మొదటి అక్షరాలు పడ్డాయి: 'ఛాయాగ్రహణం: తెలియదు.'

సినిమా నడిచిన నలభై నిమిషాలూ ఎవరూ కదల్లేదు. నేను చెప్పకుండా ఉండలేను, అది మంచి సినిమా. రంగులరాట్నం దీపాలు నెమ్మదిగా తిరుగుతుంటే నా పక్కన కూర్చున్నావిడ కళ్లు తుడుచుకుంది. పూర్తయ్యాక చప్పట్లు చాలాసేపు మోగాయి.

ప్రశ్నలు మొదలయ్యాయి. స్కానింగ్ గురించి ఒకరు, హక్కుల గురించి ఒకరు అడిగారు. ముందు వరసలో ఒక అమ్మాయి లేచింది.

"సార్, 1963లో ఏడేళ్లంటే ఇప్పుడు అరవై రెండు. ఆ బాబు బతికే ఉండొచ్చు కదా? ఎక్కడున్నాడో తెలుసుకోవాలనిపించలేదా?"

"గల్లీ గల్లీ తిరిగానమ్మా" అన్నాడు మిత్రుడు. "అడగని మనిషి లేడు. ఆ పిల్లాడు ఎవరో చెప్పగలిగినవాళ్లు ఈ నగరంలో ఒక్కరు కూడా మిగల్లేదు. నా సినిమా చెప్పేది కూడా అదే."

వెనక గోడ దగ్గర కదలిక. తెల్లచొక్కా, మెడలో తువ్వాల. చెయ్యి సగం ఎత్తి, మాట్లాడవచ్చా అన్నట్టు చూస్తున్నాడు. ఎవరో మైకు అందించబోతే వద్దన్నాడు.

"సార్, ఆ పిలగాడు నేనే."

హాల్లో తలలన్నీ వెనక్కి తిరిగాయి. మిత్రుడు మైకు పట్టుకుని అలాగే ఉండిపోయాడు. పెద్దాయన గొంతులో కోపం లేదు, ఫిర్యాదు లేదు.

"స్టేషన్ కాడ గోడ మీద నా బొమ్మ చూసి వచ్చిన సార్. మంచిగ తీసిన్రు. గని రెండు ముచ్చట్లు తప్పు వోయినయి, జెప్పనా?"

ఎవరూ జవాబు చెప్పలేదు. ఆయనే చెప్పాడు.

"నేను కన్ను మూస్తున్న గదా సార్, అది మా నాయినను జూసి. నాయిన కెమెరాల జూసేటప్పుడు ఎడమకన్ను మూస్తుండె. ఆయన మూస్తె నేను గూడ మూస్తుంటి. అంతే. ఇగ ఆ తెల్లటి ఎలుగు. నాయిన రీలు తిప్పి వెట్టెటప్పుడు ఎండ తగల్కుంట నన్ను తువ్వాల అడ్డం పట్టుమంటుండె. నేను చిన్నగుంటి. చేతులు అందకపోతుండె. అందుకే ప్రతి రీలుల ఎలుగు వడ్డది."

కాస్త ఆగాడు. ఎదురుగా తెర మీద ఆఖరి బొమ్మ ఇంకా అలాగే ఉంది.

"మిషను ఎప్పుడో ఖరాబయింది సార్. ఇల్లు అమ్మినప్పుడు నా వంతుకు ట్రంకుపెట్టె ఒచ్చింది, రీళ్లు దాంట్లనే ఉండె. సూద్దామంటె సాధనం లేదు. మీరు తెర మీద ఏస్తరని తెలిసింది, అందుకే ఇచ్చిన. అన్ని ఒక్కపారే ఇస్తె మీరు మల్ల రారు, ఏముందో నాకు జెప్పరు. అందుకని ఒక్కోటి తెచ్చిన. చెయ్యి అడ్డం వెట్టుకున్నామె మా అమ్మ సార్. నాకు పదేండ్లప్పుడే పోయింది. ఆమె మొకం ఇయ్యాల జూసిన."

మిత్రుడు వేదిక దిగి, వరసల మధ్య నుంచి ఆయన దగ్గరికి నడిచాడు. అతని మాట తడబడింది.

"పెద్దాయనా, ఇన్ని వారాలు మీ ఎదురుగానే కూర్చున్నాను కదా... ఒక్కసారైనా చెప్పలేదేం?"

"చెప్పిన గద సార్. ఎక్కడివి అని అడిగిన్రు, ఇంటియని జెప్పిన. ఎవరి ఇల్లని మీరు అడగలె."

ఇప్పుడు ఆ సినిమా మొదట్లో 'తెలియదు' అన్న మాట లేదు. అక్కడ పెద్దాయన తండ్రి పేరు ఉంది. వెనక నుంచి వినబడే గొంతు కూడా మిత్రుడిది కాదు, పెద్దాయనదే.

పాత రీళ్లు, పాత ఫొటోలు, పాత ఉత్తరాలు కొనేవాళ్లకూ దాచేవాళ్లకూ వాటి మీద పరిశోధనలు చేసేవాళ్లకూ నా విన్నపం ఒకటే. ఫిల్మ్ అంచున గుర్తులు చదవడానికి ముందు, అమ్ముతున్న మనిషి పేరు అడగండి. మీ ఇంట్లో ట్రంకుపెట్టెలో రీళ్లు ఉంటే, అందులో ఎవరున్నారో, తీసిందెవరో, ఏ ఊళ్లోనో ఈరోజే ఒక కాగితం మీద రాసి డబ్బాలో పెట్టండి. ఫిల్మ్ వందేళ్లు ఉంటుంది. చెప్పగలిగిన మనుషులు అన్నాళ్లు ఉండరు.